హిరోషిమా, నాగసాకి: ఒక వాక్యంలో ఇమడని చరిత్ర

రెండవ ప్రపంచ యుద్ధం ఎట్లు ముగిసినదని అడిగినప్పుడు మన విద్యార్థులలో అనేకులు ఒకే వాక్యం వ్రాస్తారు: "1945 ఆగస్టులో అమెరికా రెండు అణుబాంబులు వేయగా జపాను లొంగిపోయినది." ఈ సమాధానానికి మార్కులు వస్తాయి, విద్యార్థి తరువాతి ప్రశ్నకు పోతాడు. పరీక్షకు అది చాలును గాని చరిత్రకు చాలదు. 'వేయగా' అన్న ఆ ఒక్క అసమాపక క్రియ క్రింద రెండు నగరాలు, రెండు లక్షలకు పైబడిన ప్రాణాలు అణగి ఉన్నవి. అంతేకాదు, బాంబులు వేసినందువలననే యుద్ధం ముగిసినదన్న తీర్పు కూడ ఆ 'గా'లోనే చడీచప్పుడు లేకుండ చేరిపోయినది.

ఆ వాక్యాన్ని విప్పి చూచుటయే ఈ వ్యాసంలో మా ప్రయత్నం. బాంబు ఎట్లు పుట్టినది, అది మనుష్యులను ఏమి చేసినది, దానిని ప్రయోగించుట న్యాయమేనా అన్న మూడు ప్రశ్నలను వరుసగా పరిశీలిద్దాము. మొదటి రెంటికి చరిత్రలో సమాధానాలు ఉన్నవి. మూడవదానికి ప్రతి పాఠకుడు తన అంతరాత్మనే అడుగవలసి ఉంటుంది. అయితే అడుగుటకు ముందు సంగతులు తెలిసి ఉండవలెను.

బాంబు పుట్టిన తీరు

1938 డిసెంబరులో బెర్లిన్ నగరంలో ఆటో హాన్, ఫ్రిట్జ్ స్ట్రాస్‌మన్ అను రసాయన శాస్త్రజ్ఞులు యురేనియంను న్యూట్రాన్లతో తాడించి చూడగా, దానికంటె ఎంతో తేలికైన బేరియం వారికి కనిపించినది. యురేనియం పరమాణువు కేంద్రకం రెండుగా చీలిపోయినదని లీజ్ మైట్నర్, ఆటో ఫ్రిష్ వివరించారు. చీలినప్పుడు వెలువడు న్యూట్రాన్లు మరికొన్ని కేంద్రకాలను చీల్చగలవని, గొలుసువలె సాగే ఆ చర్యలో అపారమైన శక్తి పుట్టునని త్వరలోనే తేలినది.

ఈ విషయం హిట్లర్ రాజధానిలో బయటపడుటయే ప్రపంచాన్ని కలవరపరచినది. హిట్లర్ చేతికి ముందుగా బాంబు చిక్కవచ్చునన్న భయంతో లియో జిలార్డ్ ఒక లేఖను సిద్ధపరచగా, 1939 ఆగస్టు 2 తేదీతో ఐన్‌స్టయిన్ దానిపై సంతకం చేసి అధ్యక్షుడు రూజ్‌వెల్ట్‌కు పంపాడు. 1942లో 'మన్‌హటన్ ప్రాజెక్టు' రూపుదిద్దుకొన్నది. దాదాపు 200 కోట్ల డాలర్లు వ్యయమైనది. లాస్ అలమాస్ ప్రయోగశాలకు ఓపెన్‌హైమర్ నాయకత్వం వహించాడు. 1945 జూలై 16 తెల్లవారుజామున న్యూ మెక్సికో ఎడారిలో తొలి బాంబు ప్రేలినది.

ఇక్కడ విద్యార్థులు ఒక తేదీని గుర్తుంచుకొనవలెను. జర్మనీ 1945 మే నెలలోనే లొంగిపోయినది. ఏ భయం బాంబును తలపెట్టించినదో ఆ భయం తొలగిపోయినది. అయినను పని ఆగలేదు. జర్మనీ వద్ద బాంబు లేదని 1944 చివరనే గ్రహించి పని విడిచి వెళ్ళిపోయినవాడు జోసెఫ్ రాట్‌బ్లాట్. బాంబును ముందుగా జనసంచారం లేనిచోట ప్రేల్చి చూపవలెనని 1945 జూన్‌లో జేమ్స్ ఫ్రాంక్ అధ్యక్షతన కొందరు శాస్త్రజ్ఞులు నివేదిక ఇచ్చారు. జూలైలో జిలార్డ్ తయారుచేసిన విజ్ఞాపనపై 70 మంది సంతకాలు చేశారు. భయం నుండి పుట్టిన ఆయుధం భయం పోయిన తరువాత కూడ తన దారిని తాను నడిచినది. మానవుడు నిర్మించిన యంత్రాంగాలకు ఈ గుణం ఉన్నది. ఎందుకు మొదలైనవో మరచిపోయి కూడ అవి కదులుతూనే ఉంటవి.

ఆగస్టు 6

ఏ నగరంపై వేయవలెనని నిర్ణయించుటకు ఒక సంఘం కూర్చున్నది. అంతకు ముందు దాడులలో దెబ్బతినని నగరమైతే బాంబు ప్రభావం స్పష్టంగా తెలియునని ఆ సంఘం భావించినది. జాబితాలో ఉన్న ప్రాచీన నగరం క్యోటోను యుద్ధమంత్రి స్టిమ్సన్ తొలగించాడు. హిరోషిమా మిగిలినది.

ఆ నగరంలో సైనిక కేంద్రం ఉన్న మాట నిజమే. కాని బాంబును గురిపెట్టినది నగరం నడిబొడ్డున ఉన్న అయోయి వంతెనపైకి. ఆనాడు ఊరిలో సుమారు 3,50,000 మంది ఉన్నారు. ఉదయం ఒక విమానం కనిపించగా మ్రోగిన హెచ్చరికను ఏడున్నర గంటలకు ఎత్తివేశారు. జనం తమ తమ పనులకు బయలుదేరారు. 8 గంటల 15 నిమిషాలకు 'ఎనోలా గే' అను విమానం వదలిన యురేనియం బాంబు నేలకు సుమారు 600 మీటర్ల ఎత్తున ప్రేలినది. అందులోని 64 కిలోల యురేనియంలో చీలినది కిలోకు లోపే. దాని బలం మాత్రం 15,000 టన్నుల టి.ఎన్.టి.కి సమానం.

అణుబాంబు మూడు విధాలుగా చంపుతుంది. మొదటిది వేడిమి. ప్రేలిన చోటికి సరిగా దిగువ నేలమీద వేడి 3,000 డిగ్రీల సెంటీగ్రేడుకు మించినది. ఒక బ్యాంకు మెట్లపై కూర్చున్న మనిషి ఆకారం మచ్చగా నిలిచిపోగా, ఆ రాతిమెట్లు నేడు అక్కడి స్మారక ప్రదర్శనశాలలో ఉన్నవి. రెండవది గాలి తాకిడి. కొయ్య ఇళ్ళన్నీ కూలి పొయ్యిలోని పుల్లలవలె మండినవి. మూడవది కంటికి కనపడని వికిరణం. పైకి గాయమే లేనివారు కొన్ని దినాలకు జుట్టు రాలి, చిగుళ్ళనుండి నెత్తురు కారి, జ్వరంతో మరణించారు. ఆ మధ్యాహ్నం కురిసిన నల్లని వానలో కూడ విషం ఉన్నదని దప్పికతో నోరు తెరచి త్రాగినవారికి తెలియదు.

విద్యాసంస్థ పత్రికలో ఒక సంగతి ప్రత్యేకించి చెప్పవలెను. ఆ ఉదయం హిరోషిమా వీధులలో వేల మంది పాఠశాల విద్యార్థులు పనిచేస్తున్నారు. దాడులలో మంటలు వ్యాపించకుండ ఇళ్ళు పడగొట్టి ఖాళీ దారులు తీయుటకు ప్రభుత్వం వారిని పిలిపించినది. వారిలో చాలామంది పన్నెండు, పదమూడేండ్ల పిల్లలు. దాదాపు 6,000 మంది విద్యార్థులు మరణించారు. కొన్ని తరగతులలో హాజరుపట్టీ పిలుచుటకు ఒక్కరును మిగులలేదు. తల్లిదండ్రులకు దొరికినది కాలిన అన్నపు డబ్బా, చొక్కాపై కుట్టిన పేరు.

వైద్యం చేయవలసినవారిలో తొంబది శాతం మంది చనిపోవుటయో గాయపడుటయో జరిగినది. ఆ సంవత్సరాంతానికి మృతుల సంఖ్య సుమారు 1,40,000. వారిలో నిర్బంధంగా పనికి తెచ్చిన కొరియన్లు అనేకులు, బందీలుగా ఉన్న అమెరికన్ సైనికులు సైతం ఉన్నారు.

ఆగస్టు 9

మూడు దినాలు గడిచినవి. రెండవ బాంబు 11వ తేదీన వేయవలసి ఉండగా వాతావరణం చెడునని 9వ తేదీకి జరిపారు. అందుకు అధ్యక్షుడు వేరుగా ఉత్తరువు ఇవ్వలేదు. బాంబులు సిద్ధమైనకొలది వేయవచ్చునని జూలై 25 నాటి ఆదేశంలోనే ఉన్నది. విమానం మొదట కోకురా నగరంపైకి వెళ్ళినది. మబ్బు, పొగ కమ్మి గురి కుదరలేదు. అక్కడినుండి నాగసాకికి తిరిగినది. ఒక నగరం ఆకాశం మసకబారినందువలన బ్రతికినది. మరొక నగరం అందుకు బదులు మరణించినది.

ఉదయం 11 గంటల 2 నిమిషాలకు ప్లుటోనియం బాంబు ఉరకామి లోయపై ప్రేలినది. ఆ లోయ జపానులోని కథలిక్కు క్రైస్తవుల నివాసం. క్రైస్తవంపై నిషేధం ఉన్న రెండున్నర శతాబ్దాలు వారి పూర్వులు రహస్యంగా తమ మతాన్ని కాపాడుకొన్నారు. 1873లో నిషేధం తొలగిన పిదప ఇటుక మీద ఇటుక పేర్చి పెద్ద దేవాలయం కట్టుకొన్నారు. బాంబు ఆ దేవాలయానికి అర కిలోమీటరు దూరంలో ప్రేలినది. అక్కడి 12,000 మంది విశ్వాసులలో సుమారు 8,500 మంది మరణించారు. స్వదేశపు నిషేధాలను, హింసలను దాటి నిలచిన ఒక చిన్న సమాజం, తమ మతమునే అవలంబించినవారు ఎందరో ఉన్న దేశపు బాంబు క్రింద నలిగిపోయినది. అణుబాంబు మతం అడుగదు, కులం అడుగదు, దోషివా నిర్దోషివా అని అడుగదు. సంవత్సరాంతానికి నాగసాకిలో మృతులు 70,000కు మించారు.

మానని గాయాలు

బ్రతికినవారిని జపాను భాషలో 'హిబాకుషా' అంటారు. 1952 వరకు సాగిన విదేశీ సైనిక పాలనలో బాంబు ప్రభావాన్ని గురించిన వార్తలపై, చిత్రాలపై ఆంక్షలు ఉండెను. అమెరికా నెలకొల్పిన పరిశోధనా సంఘం 1947 నుండి బాధితులను పరీక్షించినది గాని చికిత్స చేయలేదు. బాధితుల వైద్యానికి జపాను ప్రభుత్వం చట్టం చేయుటకు 1957 వరకు పట్టినది.

రెండేండ్ల వయస్సులో బాంబు పడిన సదాకో ససాకి పన్నెండవ యేట రక్త క్యాన్సరుతో ఆసుపత్రిలో చేరి, కాగితపు కొంగలు మడుస్తూ 1955 అక్టోబరు 25న కన్నుమూసినది. తోటి విద్యార్థులు విరాళాలు పోగుచేయగా 1958లో హిరోషిమాలో పిల్లల స్మారకం వెలసినది. మరికొందరు శిశువులు తల్లి గర్భంలోనే దెబ్బతిని, చిన్న తలలతో, బుద్ధి వికసించక జన్మించారు.

ఒక అపోహను కూడ ఇక్కడ తొలగించవలెను. బాంబు తరువాత గర్భం ధరించినవారి సంతానంలో వంశపారంపర్య దోషాలు పెరిగినట్లు దశాబ్దాల పరిశీలనలో కనిపించలేదు. అయినను హిబాకుషా ఇంటి పిల్లను చేసుకొనుటకు, వారికి పిల్లనిచ్చుటకు అనేకులు వెనుదీశారు. ఎందరో తాము బాధితులమని చెప్పుకొనక దాచుకొన్నారు. శత్రువు వేసిన గాయంపై స్వజనుల భయం మరొక గాయం చేసినది.

సమర్థించేవారి వాదం

న్యాయ విచారణ చేయునప్పుడు ఎదుటి పక్షం మాటను పూర్తిగా వినవలెను. బాంబును సమర్థించువారు చెప్పునది తేలికగా కొట్టివేయదగినది కాదు. జపాను సైన్యం 1937లో నాన్‌జింగ్‌లో సాగించిన ఘాతుకం చరిత్ర ఎరిగినదే. సయాం, బర్మా దేశాల మధ్య రైలుమార్గం వేయుటకు మలయా తోటలనుండి తరలించుకొనిపోయిన కూలీలలో తమిళులతోపాటు మన తెలుగువారు కూడ ఉన్నారు. వేలకు వేలు కూలీలు ఆ అడవులలో రాలిపోయారు. 1942 ఏప్రిల్ 6న విశాఖపట్నంపైన, కాకినాడపైన జపాను బాంబులు పడినవి. 1945లో ఒకినావా దీవి కొరకు జరిగిన పోరులో 12,000కు పైగా అమెరికన్ సైనికులు, లక్షకు పైగా జపాను పక్షపు సైనికులు, ఇంకను లెక్కకు మించిన పౌరులు మరణించారు. ప్రధాన దీవులపై దండెత్తవలసి వస్తే ఇంతకు ఎన్ని రెట్లు చచ్చెడివారో అని, బాంబు ఆ ప్రాణాలను కాపాడినదని వారి వాదం. 1947లో స్టిమ్సన్ వ్రాసిన వ్యాసం దండయాత్రలో అమెరికన్ పక్షానికే పది లక్షల నష్టం జరుగవచ్చునని చెప్పినది.

ఆ వాదాన్ని తూచి చూచినచో

మొదటిది, దండయాత్రకు పెట్టిన ముహూర్తం నవంబరు 1. ఆగస్టు 6 నుండి దానికి దాదాపు మూడు నెలల వ్యవధి ఉన్నది. కనుక ఆ ఉదయం ఎంచుకొనవలసినది బాంబా, దండయాత్రా అన్న రెంటిలో ఒకటి మాత్రమే కాదు. చక్రవర్తిని ఉండనిత్తుమని స్పష్టంగా చెప్పుట, జనంలేని చోట ప్రేల్చి చూపుట, సోవియట్ యూనియన్ యుద్ధంలో దిగువరకు ఆగుట అనేవి కూడ ఉన్నవి. ఇవి ఫలించెడివో లేదో ఎవరును నిశ్చయంగా చెప్పలేరు. కాని వాటిని ప్రయత్నించి విఫలమైన పిదప బాంబు వేయలేదన్నది నిశ్చయం.

రెండవది, ఆ 'గా' ప్రత్యయం. సోవియట్ యూనియన్ ఆగస్టు 8న యుద్ధం ప్రకటించి మరునాడు మంచూరియాపై దాడి చేసినది. నాగసాకి వార్త అందిన తరువాత కూడ జపాను యుద్ధమండలి సమానంగా చీలి ఉన్నది. చక్రవర్తి జోక్యంతో నిర్ణయం జరిగినది. ఆగస్టు 15న ప్రజలకు చేసిన ప్రసంగంలో చక్రవర్తి కొత్త బాంబును పేర్కొన్నాడు. రెండు దినాల పిదప సైనికులకు ఇచ్చిన సందేశంలో సోవియట్ ప్రవేశమును పేర్కొన్నాడు. బాంబులు లేకున్నను 1945 చివరిలోగా జపాను లొంగిపోయి ఉండెడిదని 1946లో అమెరికా ప్రభుత్వపు సర్వే నివేదికయే అభిప్రాయపడినది. ఆ నివేదికను తప్పుపట్టిన చరిత్రకారులును ఉన్నారు. కారణాలు అనేకమన్నంతవరకు సందేహం లేదు.

మూడవది అన్నిటికంటె ముఖ్యం. లెక్క సరిపోయినదనే అనుకొందాము. వేయిమందిని రక్షించుటకు, యుద్ధంతో సంబంధంలేని వందమంది పిల్లలను ఎంచుకొని కాల్చవచ్చునా? జపాను సేనాపతుల నేరం వీధిలో ఇటుకలు మోయుచున్న పదమూడేండ్ల బాలిక నేరం ఎట్లగును? నాన్‌జింగ్‌లో చనిపోయిన బిడ్డకు హిరోషిమాలో మరొక బిడ్డ చావు పరిహారం కాజాలదు. ఇద్దరిని గురించి దుఃఖించగలవాడే ఈ ప్రశ్నపై మాట్లాడుటకు అర్హుడు. ఆగస్టు 10న ట్రూమన్ తన అనుమతి లేక మరొక బాంబు వేయరాదని ఆజ్ఞాపించాడు. అంతమంది పిల్లలను చంపుట అన్న ఆలోచన ఆయనకు సహింపరానిదైనదని మంత్రివర్గ సహచరుడు హెన్రీ వాలెస్ తన దినచర్యలో వ్రాసుకొన్నాడు. ఆజ్ఞ ఇచ్చినవానికే ఆ లెక్క మనస్సున పట్టలేదన్నమాట.

పెద్దల ధర్మం, నేటి చట్టం

యుద్ధంలో కూడ హద్దులున్నవని మానవజాతి నిన్న మొన్న నేర్చుకొన్నది కాదు. మహాభారతంలో అశ్వత్థామ నిద్రించుచున్నవారిని చంపినాడు. ఆపైన అతడు విడిచిన అస్త్రానికి ఎదురుగా అర్జునుడును అస్త్రం విడిచినాడు. ఋషులు వారించగా అర్జునుడు తన అస్త్రాన్ని ఉపసంహరించినాడు. అశ్వత్థామకు విడుచుటయే తెలియును గాని మరలించుట తెలియదు. తుదకు దానిని పాండవ స్త్రీల గర్భాలపైకి మళ్ళించినాడు. హిరోషిమా శిశువుల సంగతి చదివిన పిదప ఆ కథ మనకు కట్టుకథగా తోచదు. అస్త్రం తెలిసియు ఉపసంహారం తెలియనివాని చేతిలో గర్భస్థ శిశువునకు కూడ రక్షణ లేదు.

మొదటి ఖలీఫా హజ్రత్ అబూబక్ర్ సిరియాకు సేనను పంపునప్పుడు స్త్రీలను, పిల్లలను, వృద్ధులను చంపరాదని, పండ్లచెట్లను నరకరాదని, మఠాలలో ఉన్న సన్యాసుల జోలికి పోరాదని ఆదేశించినట్లు ఇస్లాం చరిత్రకారులు వ్రాశారు. నగరాలను జనంతోసహా నాశనం చేయుట దైవానికి, మానవునికి వ్యతిరేకమైన నేరమని 1965లో రెండవ వాటికన్ మహాసభ ప్రకటించినది. గాంధీజీ 1946లో 'హరిజన్' పత్రికలో వ్రాస్తూ, బాంబు జపానును ఏమి చేసినదో చూస్తున్నాము గాని ప్రయోగించిన జాతి ఆత్మను ఏమి చేసినదో చెప్పుటకు ఇంకను కాలం రాలేదన్న భావం వ్యక్తపరిచారు.

చట్టం మెల్లగా ధర్మం వెంట నడిచినది. ఈ రెండు దాడులు అంతర్జాతీయ న్యాయానికి విరుద్ధమని 1963 డిసెంబరు 7న టోక్యో జిల్లా న్యాయస్థానం తీర్పు చెప్పినది. సైనికులను, పౌరులను వేరుచేయని దాడులను 1977 నాటి జెనీవా అదనపు ఒడంబడిక నిషేధించినది. అణ్వస్త్రాలను పూర్తిగా నిషేధించు ఒప్పందం 2017లో ఐక్యరాజ్యసమితిలో ఆమోదం పొంది 2021 జనవరి 22న అమలులోనికి వచ్చినది. అణ్వస్త్రాలు గల దేశం ఒక్కటియు అందులో చేరలేదు.

మన సంగతి

మన దేశం 1974లోను, 1998లోను పోఖ్రాన్‌లో అణు పరీక్షలు జరిపినది. 1998లోనే పాకిస్తాను కూడ జరిపినది. ప్రపంచంలో నేటికిని సుమారు 12,000 అణ్వస్త్రాలు ఉన్నవి. వాటిలో అనేకం హిరోషిమా బాంబుకంటె ఎన్నో రెట్లు బలమైనవి. 1971లో హైదరాబాదులో స్థాపించిన అణు ఇంధన సంస్థ విద్యుత్తు ఉత్పత్తికి ఇంధనం తయారుచేస్తున్నది. చీలునది అదే యురేనియం. వెలుగునకా వినాశనానికా అన్నది యురేనియం నిర్ణయించదు, మనుష్యుడే నిర్ణయించవలెను.

హిబాకుషాల సంస్థ 'నిహోన్ హిడాంక్యో' 1956లో ఏర్పడినది. తమ ఒడలి మచ్చలనే సాక్ష్యంగా చూపి దేశదేశాలు తిరిగిన ఆ వృద్ధులకు 2024లో నోబెల్ శాంతి బహుమానం లభించినది. 2025 నాటికి జీవించియున్న హిబాకుషాల సంఖ్య లక్ష లోపునకు తగ్గినది. కన్నులారా చూచినవారు కొద్దికాలంలో ఉండరు. అప్పుడు ఆ సాక్ష్యం పుస్తకాలలో, పుస్తకాలు చదివిన మన జ్ఞాపకంలో మాత్రమే ఉంటుంది.

విజ్ఞానశాస్త్ర విద్యార్థులను మేము కోరునది, తాము చేయుచున్న పని ఎవరి చేతికి పోవుచున్నదని ఒక్కసారి అడుగుమని. రాట్‌బ్లాట్ అడిగాడు, ఒంటరిగా లేచి వెళ్ళిపోయాడు. ఆయన వెళ్ళినందున బాంబు ఆగలేదు. అయినను వెళ్ళుట సాధ్యమేనని తెలిసినది. చరిత్ర విద్యార్థులను కోరునది మరింత చిన్నది. ఈసారి ఆ ప్రశ్న వచ్చినప్పుడు 'వేయగా' అని వ్రాసి ముందుకు సాగవద్దు. అక్కడ వాక్యాన్ని ఆపి, ఎవరిపై వేశారో మరొక వాక్యం వ్రాయండి. దానికి మార్కులు ఎక్కువ రాకపోవచ్చును. ఆ ఉదయం హాజరుపట్టీలో పలుకని పిల్లల తరపున ఎవరో ఒకరు పలుకవలెను గదా!